పెట్టె తెరిచినా ఆట రాలేదు: ఒక తోలుబొమ్మలాట కుటుంబంతో రెండున్నరేళ్లు

పద్నాలుగేళ్లుగా నేను చేతివృత్తుల, జానపద కళల కుటుంబాలతో పనిచేస్తున్నాను. పెద్దల చేతిలో ఉన్న విద్య పిల్లల చేతికి అందే ఏర్పాట్లు చూడటం నా పని. ఈ కేసులో మొదటి ఏడాది నేను రెండు పెద్ద పొరపాట్లు చేశాను. ఈ పనిలో ఉన్న చాలామందిమి అవే పొరపాట్లు చేస్తుంటాం కాబట్టి వివరంగా రాస్తున్నాను. కుటుంబం అనుమతి తీసుకున్నాను. ఊరు, పేర్లు రాయను. వయసులు, మరికొన్ని వివరాలు మార్చాను. రాయలసీమ కుటుంబం అని మాత్రం చెబుతాను.

నేపథ్యం

తోలుబొమ్మలాట అనగానే చాలామందికి ధర్మవరం దగ్గరి నిమ్మలకుంట గుర్తొస్తుంది. అక్కడి దళవాయి చలపతిరావు గారికి 2020లో పద్మశ్రీ వచ్చాక ఆ ఊరు ఇంకా ఎక్కువ మందికి తెలిసింది. ఆ ఒక్క ఊరే కాదు, రాయలసీమలో ఇంకొన్ని చోట్ల కూడా ఈ కుటుంబాలు ఉన్నాయి. వీళ్లలో చాలామంది ఇంట్లో మాట్లాడుకునేది మరాఠీ కలిసిన భాష. తెర వెనక మాత్రం తెలుగు, అదీ పద్యాల తెలుగు. ఈ సంగతి ముందు ముందు అవసరం అవుతుంది.

ఆట గురించి తెలియనివాళ్ల కోసం రెండు మాటలు. పలచగా గీకి ఎండబెట్టిన తోలు మీద బొమ్మ గీసి, ఉలితో చిల్లులు కొట్టి, రంగులు వేస్తారు. ఒకప్పుడు దేవుళ్ల బొమ్మలకు జింక తోలు వాడేవారు. ఇప్పుడు వాడేది మేక తోలు. తెల్లబట్ట తెర కట్టి, వెనక దీపం పెట్టి, బొమ్మను బట్టకు ఆనించి ఆడిస్తారు. ఆముదం దీపాలు పోయి బల్బులు వచ్చాయి. పెద్ద బొమ్మలు మనిషి ఎత్తుకు దగ్గరగా ఉంటాయి. బొమ్మ ఆడించే మనిషే పద్యం పాడాలి, మాట చెప్పాలి, కాలి కింద చెక్కను తొక్కి యుద్ధం చప్పుడు తేవాలి. ఆడ పాత్రలకు గొంతు ఇచ్చేది సాధారణంగా ఇంటి ఆడవాళ్లే. రామాయణం కథలు రెండు పాదాల ద్విపదలో నడుస్తాయి. మధ్యలో కేతిగాడు, బంగారక్క వచ్చి నవ్విస్తారు.

ఈ ఇంట్లో తాతకు డెబ్బై అయిదు దాటాయి. అవ్వ ఆయన కంటే నాలుగైదేళ్లు చిన్న. కొడుకు చిన్నప్పుడు తెర వెనక పెరిగినవాడే. టీవీలు వచ్చి ఆటలకు పిలుపులు తగ్గాక పూర్తిగా తోలు ల్యాంప్ షేడ్ల వైపు వెళ్లాడు. ఇల్లు గడిచేది వాటి మీదే. కోడలు రంగులు వేస్తుంది. మనవడికి ఇరవై రెండేళ్లు. డిగ్రీ అయిపోయింది, ఉలి పని చాలా బాగా వచ్చు. మనవరాలు ఇంటర్ చదువుతోంది. అటక మీద వెదురు పెట్టెలో నూట ఇరవై దాకా పాత బొమ్మలున్నాయి. నేను వెళ్లేసరికి ఆ పెట్టె తెరిచి నాలుగేళ్లయింది.

వచ్చిన సమస్య

నాకు ఫోన్ చేసింది కొడుకు. "నాయన పోతే ఆట పోతాది సార్. మా వానికి నేర్పించే ఏర్పాటు ఏమన్నా చెయ్యండి" అన్నాడు.

మొదటిసారి వెళ్లినప్పుడు ముగ్గురితో విడివిడిగా మాట్లాడాను. మనవడికి శ్రద్ధ లేదన్నాడు తాత. మనవడు తాత చెప్పడని, అడిగితే తిడతాడని అన్నాడు. కొడుకు టైం లేదన్నాడు. ఎగ్జిబిషన్ ముందు రెండు నెలలు ఇంట్లో అందరూ రాత్రి పదకొండు దాకా షేడ్ల మీదే కూర్చుంటారు. ఆ రోజు నా నోటుబుక్కులో మూడు గడులు గీసి ఎవరి మాట వాళ్ల గడిలో రాసుకున్నాను. ఇప్పుడు ఆ పేజీ చూస్తే నాకు బాధగా ఉంటుంది. ఇంట్లో ఆరుగురు ఉన్నారు. నేను గీసినవి మూడు గడులే. నాకు టీ ఇచ్చిన అవ్వను, గుమ్మంలో కూర్చుని చదువుకుంటున్న అమ్మాయిని ఒక్క మాట అడగలేదు. విద్య తాతలో ఉంది, అది మనవడిలోకి వెళ్లాలి అని ఇంట్లో అడుగుపెట్టకముందే నిర్ణయించేసుకున్నాను.

మొదటి ప్రయత్నం: రికార్డింగ్

తాతకు దగ్గు ఎక్కువగా ఉంది. నేర్పడం నెమ్మదిగా చూసుకోవచ్చు, ముందు ఆయనకు తెలిసినదంతా భద్రం చేయాలి అనుకున్నాను. ఆ ఆలోచనలో తప్పు లేదని ఇప్పటికీ అంటాను. తప్పంతా చేసిన తీరులో ఉంది.

వేపచెట్టు కింద కుర్చీ వేసి, కాలర్ మైకు పెట్టి, "సుందరకాండ మొదటి నుంచి చెప్పండి తాతా" అని కూర్చున్నాం. పది పన్నెండు ద్విపదలు ధారాళంగా వచ్చాయి. తర్వాత ఆగిపోయాడు. వెనక్కి వెళ్లాడు, మళ్లీ అక్కడే ఆగాడు. చికాకు పడ్డాడు. "చెప్పేకి రాదు సార్, ఆడితే వస్తాది" అన్నాడు. వయసు వల్ల మరుపు వచ్చిందనుకుని, నొచ్చుకోకుండా ఆ రోజుకు ఆపేశాను. ఆయన సమస్యను ఒక్క వాక్యంలో చెప్పేశాడు, నేను మాత్రం దాన్ని సాకు అనుకున్నాను.

మూడో రోజు పెట్టె దించి హనుమంతుడి బొమ్మ బయటికి తీశారు. భుజం దగ్గర దారం తెగి ఉంది. అది ఎట్లా కట్టాలో చూపిస్తూ తాత బొమ్మను ఎడమ చేతిలోకి తీసుకున్నాడు. అంతే, ఆగిపోయిన చోటు నుంచి పద్యం మొదలైంది. నేను కెమెరా ఆన్ చేసేసరికే ఏడెనిమిది ద్విపదలు దాటిపోయాయి. ఆ రోజు నుంచి చేతిలో బొమ్మ పెట్టే రికార్డు చేశాం. పని బాగా ముందుకు సాగింది. అయితే సీత మాట్లాడాల్సిన చోటుకు రాగానే "ఆడ సీతమ్మ అంటాది" అని దాటేసి తర్వాతి మాట అందుకునేవాడు. అలాంటి చోట్లు ముప్పైకి పైగా లెక్కపెట్టాను.

వాటిని నేను ఖాళీలు అనుకున్నాను. పూరించాలి కదా అని అచ్చులో ఉన్న ద్విపద రామాయణం తెచ్చి, ఆ సందర్భాల్లోని పంక్తులు తీసి ప్రతి తయారు చేయించాను. నీటుగా టైప్ చేసిన డెబ్బై పేజీల పుస్తకం అది. తాతకు చదివి వినిపిస్తే అయిదు నిమిషాలు విని "ఇది బాగుంది సార్. కానీ ఇది మా ఆట కాదు" అన్నాడు. కొన్ని పాదాలు ఒకటే, చాలా మటుకు వేరు. పుస్తకంలోని పద్యం తరాల పాటు తెర వెనక తిరిగి తిరిగి, బొమ్మ నడకకు తగినట్టు మారిపోయింది. ఎక్కడ హనుమంతుడు చెట్టు మీది నుంచి దిగాలో అక్కడ పాదం సాగుతుంది. ఎక్కడ చప్పున తల తిప్పాలో అక్కడ మాట తెగుతుంది. నేను పూరించిన చోట బొమ్మకు కదలడానికి చోటే లేదు.

రెండో ప్రయత్నం: క్లాసులు, స్టైపెండ్

అయినా ఆ పుస్తకాన్ని పక్కన పెట్టలేదు. తాత చెప్పిన భాగాలు ఉంచి, నేర్పడానికి దాన్నే పాఠ్యపుస్తకం చేశాను. ఒక దాత సాయంతో ఆరు నెలలకు స్టైపెండ్ ఏర్పాటైంది. మనవడు, వాళ్ల పెదనాయన కొడుకులు ఇద్దరు, మొత్తం ముగ్గురు శిష్యులు. వారానికి రెండు సాయంత్రాలు. తాతకు గౌరవ వేతనం.

ఇందులో నా లెక్క ఇది. షేడ్ల మీద కూర్చుంటే రోజుకు ఇంత కూలి గిట్టుతుంది. నేర్చుకోవడానికి కూర్చుంటే అది పోతుంది. ఆ పోయేది మనం ఇస్తే అడ్డు తొలగుతుంది. గురు శిష్య పరంపర పేరుతో నడిచే పథకాలు కూడా చాలావరకు ఈ లెక్క మీదే ఉంటాయి. ఆ పథకాల వల్ల బతికిన విద్యలు నేను చూశాను, వాటిని తక్కువ చేయను. ఇక్కడ మాత్రం డబ్బు కూర్చున్న గంటలకు ముట్టింది. కాబట్టి అందరూ కూర్చున్నారు. హాజరు పట్టీలో ఒక్క ఖాళీ లేదు.

మూడు నెలల్లో మనవడికి నలభై ద్విపదలు వచ్చాయి. నోటుబుక్కు చూసి తప్పు లేకుండా చదువుతాడు, చూడకుండా కూడా ముప్పై దాకా చెప్తాడు. ఇంగ్లిష్ మీడియంలో చదివిన పిల్లవాడు, ఇంట్లో వేరే మాట మాట్లాడేవాడు, అంత కష్టమైన తెలుగు నోటికి తెచ్చుకున్నాడంటే అది చిన్న శ్రమ కాదు. తాత మాత్రం పాదానికోసారి ఆపి ఉచ్చారణ దిద్దేవాడు. ఇద్దరికీ టెన్షన్ పెరిగింది. సాయంత్రం అయితే కుర్రవాడి ముఖం వాడిపోవడం నేనే చూశాను.

నాలుగో నెలలో ఇంట్లోనే తెర కట్టి ఇరవై నిమిషాల ఆట పెట్టాం. మనవడు కుడిచేత్తో బొమ్మ పట్టుకున్నాడు. పద్యం గుర్తు రాక బల్బు వెలుతురులో నోటుబుక్కు వైపు తల తిప్పాడు. తల తిరిగితే చెయ్యి వెనక్కి వస్తుంది. చెయ్యి వెనక్కి వస్తే బొమ్మ తెరను వదిలేస్తుంది. తెర మీద రంగంతా చెదిరి బూడిద మచ్చలా అయింది. రెండు మూడుసార్లు అదే జరిగాక తాత తన చేతిలోని బొమ్మ కింద పెట్టి లేచి వెళ్లిపోయాడు. ఎవరూ ఏమీ అనలేదు. స్టైపెండ్ అయిపోయిన వారమే మిగతా ఇద్దరూ రావడం మానేశారు.

ఆగిన రెండు నెలలు

ఆ తర్వాత రెండు నెలలు నేను ఏ కార్యక్రమమూ పెట్టలేదు. ఇంకో బ్యాచ్, ఇంకో మాస్టారు, ఇంకో పుస్తకం అనే దారిలో వెళ్లడం సులువే. దాత కూడా అదే అడిగారు. కానీ ఓడిపోయిన ఏర్పాటుకే మరికాస్త డబ్బు పెట్టేముందు, అసలు అతనికి ఇది కావాలా అని అడగాల్సిన బాధ్యత నాకుందనిపించింది. ఒక కళ బతకాలని మనం కోరుకోవచ్చు. దానికోసం ఒక పిల్లవాడు తన రాత్రులు ఇచ్చి తీరాలని అడిగే హక్కు మనకు లేదు.

మనవడిని ఒక్కడినే బస్టాండు దగ్గర హోటల్లో కూర్చోబెట్టి, "వద్దంటే వద్దని చెప్పు, ఇంట్లో నేను మాట్లాడతాను" అన్నాను. చాలాసేపు గ్లాసు తిప్పుతూ కూర్చున్నాడు. "ఆట అంటే ఇష్టమే సార్. అంతా నేనొక్కన్నే మోయాల అంటేనే భయం" అన్నాడు.

ఆ 'ఒక్కన్నే' అన్న మాట నన్ను మళ్లీ మొదటి పేజీకి తీసుకెళ్లింది. ఈసారి ఇంటికి వెళ్లి ప్రశ్న మార్చాను. ఎట్లా నేర్పుతారు అని అడగలేదు. మీరు ఏ వయసులో, ఏ రాత్రి, తెర వెనక ఏం పని చేసేవాళ్లు అని అడిగాను. ఆరుగురినీ అడిగాను.

తాత చెప్పిన క్రమం ఇది. ఆరేడేళ్లప్పుడు దీపంలో నూనె పోయడం, తెర కట్టడానికి ఈత ముళ్లు అందించడం. తర్వాత బొమ్మలు అందించడం. ఈ పని చిన్నదిగా కనిపిస్తుంది గానీ, కథలో ఎవరి తర్వాత ఎవరు వస్తారో తెలియకపోతే చేయలేం. రాముడికే వేర్వేరు సందర్భాలకు వేర్వేరు బొమ్మలుంటాయి, తప్పు బొమ్మ ఇస్తే చీకట్లో వీపు మీద దెబ్బ. తర్వాత తాళాలు. తర్వాత చెక్కలు తొక్కడం. పన్నెండేళ్లకు కేతిగాడు. ఆపైన చిన్న చిన్న రాక్షసులు, కోతులు. రాముడు, రావణుడు చేతికొచ్చేసరికి పెళ్లయి ఒక బిడ్డ. "పద్యం ఎవురు నేర్పించినారు తాతా?" అంటే ఆశ్చర్యంగా చూశాడు. ఎవరూ నేర్పలేదు. బొమ్మలు అందిస్తున్న ఏళ్లలో చెవిలో పడిపోయింది.

మేము ఆ నిచ్చెన చివరి మెట్టు మీద కుర్రవాడిని నిలబెట్టి, కింది మెట్లన్నీ తీసేశాం.

అవ్వతో మాటలు నాలుగు మధ్యాహ్నాలు సాగాయి. ఈ కేసులో అసలు సమాధానం అక్కడే దొరికింది. ఆమె మరో బొమ్మలాట కుటుంబంలో పుట్టింది. తొమ్మిదేళ్లకే వాళ్ల నాయన మేళంలో పాడింది. ఇక్కడికి కోడలిగా వచ్చాక సీత, మండోదరి, శూర్పణఖ, బంగారక్క, అన్నీ ఆమే. హార్మోనియం శ్రుతి పట్టేదీ ఆమే. నేను ఖాళీలు అనుకున్న ముప్పై చోట్లూ ఆమెవి. అవి విడిగా ఉండే డైలాగులు కూడా కావు. సీత మాట ముగిసే తీరును బట్టి తాత తర్వాతి పాదం ఎత్తుకుంటాడు. "ఆయప్ప మాట నా మాట మీద నిలబడి ఉంటాది" అంది. వేపచెట్టు కింద తాత ఆగిపోయిన మొదటి చోటు ఏదో రికార్డింగు పెట్టి చూశాం. సరిగ్గా సీత మాట రావాల్సిన చోటది.

ఆమె పద్యం గుర్తుపెట్టుకునే పద్ధతి కూడా అప్పుడే గమనించాను. ద్విపదలో రెండు పాదాల్లోనూ రెండో అక్షరం ఒకే హల్లుతో ఉండాలి, అదే ప్రాస. అవ్వకు ప్రాస అనే పేరు తెలియదు. రెండో పాదం తట్టకపోతే మొదటి పాదంలోని ఆ రెండో అక్షరాన్ని రెండుసార్లు సన్నగా మూలుగుతుంది, పాదం వచ్చేస్తుంది. నేను టైప్ చేయించిన డెబ్బై పేజీల్లో ఈ ఉపాయం ఎక్కడా లేదు.

మూడో ప్రయత్నం: తేదీ

ఈసారి క్లాసు అనే మాటే తీసేశాం. ఒక ఆట, ఒక తేదీ. నాలుగు నెలల తర్వాత వచ్చే శ్రీరామనవమికి సొంత ఊళ్లో, రామాలయం వీధిలో. ఊరి పెద్దలతో మాట్లాడి బయానా ఇప్పించాం. డబ్బు కూర్చున్న గంటలకు కాదు, ఆడిన రాత్రికి. బయట ఊళ్లో పెద్ద వేదిక ఇప్పిస్తామన్నవాళ్లు ఉన్నారు. వద్దన్నాను. తప్పు జరిగినా క్షమించేవాళ్ల ముందు మొదటి ఆట పడాలి.

ఏ కథ అన్నదాని మీద వాదన జరిగింది. మనవడు లంకాదహనం అన్నాడు, నిప్పు, తోక, గోల ఉంటాయి కాబట్టి. నేను అశోకవనం వైపు పట్టుపట్టాను. హనుమంతుడు, సీత ఎదురెదురుగా మాట్లాడుకునే ఘట్టం అది. రెండు గొంతులు లేకుండా నడవదు. అవ్వను మధ్యలోకి తేవడానికి ఇంతకంటే మంచి కథ లేదు.

ఎంతసేపు అన్నదాని మీద ఇంకా పెద్ద గొడవ. ఇప్పుడు పిలిచేవాళ్లు చాలామంది నలభై అయిదు నిమిషాల్లో రామాయణం మొత్తం కావాలంటారు. కొడుకు అదే మేలన్నాడు, రేపు నాలుగు ప్రోగ్రాములు వస్తాయని. తాతకు కోపం వచ్చింది. కొడుకు మాటలో ఇంటి ఖర్చులున్నాయి, దాన్ని కొట్టిపారేయలేను. కానీ మొత్తం కథను కుదిస్తే మొదట పోయేవి పద్యాలే. మిగిలేది బొమ్మల ఊరేగింపు. పిల్లలకు ఒక ఘట్టం నిండుగా వస్తే రెండోది దాని పక్కన పేర్చుకోవచ్చు. కుదించిన కథ నేర్చుకుంటే దాన్ని మళ్లీ సాగదీయడం ఎవరికీ రాదు. అందుకని కథను కోయకుండా ఘట్టం దగ్గర ఆపుదామన్నాను. హనుమంతుడు సీతను చూడటం నుంచి చూడామణి తీసుకోవడం దాకా, గంటన్నర. తాత రెండు రోజులు ఆలోచించి ఒప్పుకున్నాడు.

రిహార్సల్స్‌లో మనవడికి తాత ఇచ్చిన పని బొమ్మలు అందించడం. కుర్రవాడు నొచ్చుకున్నాడు. నేను కల్పించుకోలేదు. రెండో వారానికి అతనికి వేరే దారి తెరుచుకుంది. పాత హనుమంతుడి తోలు పెళుసైపోయింది, కొత్త బొమ్మ కావాలి. చేయగలిగింది అతనే. చాలా అందమైన బొమ్మ చేశాడు, ముఖం చుట్టూ ముత్యాల్లాంటి చిల్లులతో. తెరకు ఆనించగానే ముఖం మాయమైంది. కంటి దగ్గర చిల్లులు ఎక్కువై వెలుతురంతా అక్కడే కారిపోతోంది. ల్యాంప్ షేడుకు ఎన్ని చిల్లులుంటే అంత అందం. ఆడే బొమ్మకు చీకటి కూడా కావాలి. తాత తెర అవతలికి వెళ్లి నిలబడి, "కన్ను యాడుందిరా?" అన్నాడు. తిట్టలేదు, అడిగాడు. కుర్రవాడు కూడా తెర ముందుకు వచ్చి పక్కన నిలబడి చూశాడు. గోడకు వేలాడే బొమ్మలు వందల కొద్దీ చేశాడు గానీ తన చేతి పని వెలుతురులో కదలడం అదే మొదటిసారి చూడటమట.

ఆ తర్వాత ఇంకో రెండు హనుమంతులు చేశాడు. భుజం ముడి ఎంత వదులుండాలి, నడుమ బద్ద ఎంత మందముండాలి అన్నవి ఆడించి చూస్తే తప్ప తెలియవు. ఆడించాలంటే పద్యం కావాలి. అలా చేతిపని గుండా ఆటలోకి వచ్చాడు. నోటుబుక్కు ఎప్పుడు పక్కన పడిందో నేను గమనించలేదు.

మనవరాలి సంగతి ఇంకోలా జరిగింది. అవ్వ పక్కన తాళాలు వేయడానికి ఎవరూ లేక కూర్చుంది. నెల తిరిగేసరికి అవ్వ మూలిగిన అక్షరానికి పాదం అందిస్తోంది. సీత గొంతు ఆమెకు ఇద్దామన్నాను. తాత అడ్డం చెప్పాడు. "ఆడపిల్ల, పెండ్లయి పోతాది. ఇచ్చి ఏం లాభం?" అన్నాడు. నేను సమాధానం వెతుక్కుంటుండగానే అవ్వ అంది: "నేను పెండ్లయి వచ్చినదాన్ని కాదా? మా నాయన పాటలు నీ ఇంట్లోకి ఎట్ల వచ్చినాయి?"

తాత మాట్లాడలేదు. మర్నాడు సీత బొమ్మను పెట్టెలోంచి తీసి మనవరాలి చేతికి ఆయనే ఇచ్చాడు. అవ్వ అన్నది వాళ్ల వృత్తి చరిత్రలోని నిజం. ఈ కుటుంబాల మధ్య జరిగిన పెళ్లిళ్లతో పాటే పద్యాలు, వరసలు ఒక మేళం నుంచి ఇంకో మేళానికి వెళ్లాయి. తాత నుంచి మనవడికి అని నేను గీసుకున్న నిలువు గీతలో ఈ దారికి చోటే లేదు.

నవమి రాత్రి

నూట యాభై మంది దాకా వచ్చారు. సగం పిల్లలే. ఆట తొమ్మిదిన్నరకు మొదలైంది. హనుమంతుడిని తాత, మనవడు వంతులవారీగా ఆడించారు. సీత మాటలు సగం అవ్వవి, సగం మనవరాలివి. కొడుకు పాతికేళ్ల తర్వాత మద్దెల పట్టాడు. ఉంగరం ఇచ్చే చోట మనవడికి ఒక పాదం తట్టలేదు. బొమ్మ మాత్రం తెరను వదల్లేదు. చెక్క మీద రెండు అడుగులు తొక్కి హనుమంతుడిని ఒకసారి వంగి లేపాడు. ఆ సందులో అవ్వ రెండో అక్షరం మూలిగింది. పాదం వచ్చింది. ముందు కూర్చున్నవాళ్లకు ఏమీ తెలియలేదు. వెనక ఉన్న నాకు కాళ్లు వణికాయి.

ఆ ఏడాది మరో మూడు ఆటలు పడ్డాయి. రెండు పక్క ఊళ్లలో, ఒకటి పట్నంలో ఒక బడిలో. డబ్బు పంపకం మార్చాం. ఇంతకుముందు మొత్తం తాత చేతికి వెళ్లేది. ఇప్పుడు తెర వెనక పనిచేసిన ప్రతి మనిషికీ ఒక వాటా, బొమ్మల మరమ్మతుకు పెట్టె పేరు మీద ఒక వాటా. మనవరాలికి మొదటి వాటా ముట్టిన రోజు వాళ్ల అమ్మ నాకు ఫోన్ చేసి చెప్పింది.

నేర్చుకున్నవి, మిగిలినవి

ఇప్పుడు నేను కొత్త కుటుంబం దగ్గరికి వెళ్తే మొదటి రోజు కెమెరా తీయను. ఆట జరిగేటప్పుడు ఎవరు ఎక్కడ కూర్చుంటారో నేల మీద సున్నాలు గీయమంటాను. పేరు ఎవరిదైనా, ఎవరు లేకపోతే ఆట ఆగుతుందో ఆ సున్నాల్లో కనిపిస్తుంది. రికార్డు చేయాల్సి వస్తే అందరినీ కూర్చోబెట్టి, వాయిద్యాలతో, చేతిలో బొమ్మలతో చేస్తాను. ఒక మనిషికి ఒక మైకు పెడతాను. ఖాళీ కనిపిస్తే పుస్తకంతో నింపను. అది ఎవరి చోటో వెతుకుతాను.

స్టైపెండు మీద నా అభిప్రాయం పూర్తిగా మారలేదు. ఆకలిగా ఉన్న ఇంట్లో అది అవసరం. అది గంటలకు ముడిపడితే మాత్రం గంటలే వస్తాయి. ఇక్కడ పని చేసింది తేదీ. ఫలానా రాత్రి ఊరు వచ్చి ముందు కూర్చుంటుందన్న భయం, సంతోషం రెండూ కలిసి పని చేయించాయి.

అందనివి చాలా ఉన్నాయి, అవి కూడా రాయాలి. తాతకు పన్నెండు రాత్రుల కథలు వచ్చు. పిల్లలకు ఇప్పటికి రెండు ఘట్టాలు నిండుగా, మూడోది సగం వచ్చాయి. తాత ఆడించే కేతిగాడు ఏ ఊళ్లో ఆడితే ఆ ఊరి బోరింగు గురించి, ఆ ఊరి రెడ్డి గురించి అప్పటికప్పుడు మాట పుట్టించేవాడు. మనవడి కేతిగాడు ఇంకా సెల్‌ఫోన్ జోకుల దగ్గరే ఉన్నాడు. ఊళ్లు తిరగకుండా ఆ నోరు రాదు, ఏడాదికి నాలుగు ఆటలతో అంత తిరుగుడు కుదరదు. కొడుకు ఇప్పటికీ సీజన్‌లో రిహార్సల్స్ వద్దంటాడు. అతని మాటకు కారణం ఉంది, ఆ రెండు నెలలు మేం పెట్టుకోవడం లేదు.

ప్రస్తుతం తొందర అవ్వ గురించే. చెవి మందగిస్తోంది, శ్రుతి పట్టడం కష్టమవుతోంది. రావణుడు పడ్డాక మండోదరి పాడే భాగం ఆమెకు తప్ప ఎవరికీ రాదు, తాతకు కూడా. పోయిన నెల వెళ్లినప్పుడు ఆ రావణుడి బొమ్మ కోసం పెట్టె వెతికితే పది తలల్లో రెండు విరిగి ఉన్నాయి. మనవడు వాటికి తోలు నానబెట్టాడు. మనవరాలికి మార్చిలో ఇంటర్ పరీక్షలు అయిపోతాయి. ఉగాది దాటిన మొదటి ఆదివారానికి ఊరి పెద్దలు బయానా ఇచ్చారు.